కాన్పుల రిజిస్టరులో నిశామణి సంతకం

మణిఘాట్ ఊళ్లో నలభై ఏళ్ల లోపు వాళ్లలో సగం మందిని ఈ లోకంలో మొట్టమొదట పట్టుకున్నవి నిశామణి జెనా చేతులు. ఆమె బజారులో నడుస్తూ ఉంటే మోటారుసైకిళ్ల మీద పోయే మీసాల మగవాళ్లు కూడా ఆగి, పిన్నిని పిలిచినట్టు, "మావుసీ, ఎక్కడికి? దింపనా?" అని అడుగుతారు. ఆమెకి వాళ్ల మొహం కంటే ముందు వాళ్ల అమ్మ మొహం గుర్తొస్తుంది. "నువ్వు సుభద్ర కొడుకువి కదూ. కాళ్లు ముందు పెట్టి వచ్చావు. మీ అమ్మని చంపినంత పని చేశావు" అంటుంది. అతను సిగ్గుపడి నవ్వుతాడు. ఆమె చీర కుచ్చిళ్లు సర్దుకుని వెనక ఎక్కి కూర్చుంటుంది.

బ్రాహ్మణి నది మీద వంతెన వచ్చిన ఏడు, అంటే 1987లో, ఆమె పనిలో చేరింది. మొగుడు బృందావన్ అప్పటిదాకా రేవులో పడవ నడిపేవాడు. వంతెన తెరిచిన వారానికే పడవ ఎక్కేవాడు లేకుండా పోయాడు. అతను ఇంట్లో గోడకి ఆనుకుని కూర్చుని బీడీలు కాల్చడం చూడలేక, ఇరవై ఎనిమిదేళ్ల నిశామణి మునిసిపాలిటీ కాన్పుల ఆసుపత్రికి వెళ్లి ఆయా పని అడిగింది. రోజుకూలి లెక్కన పెట్టుకున్నారు.

అక్కడ పెద్ద నర్సు ఎలిజబెత్ తిర్కీ. సుందర్‌గఢ్ అడవుల వైపు మనిషి. మాట కరుకు, చెయ్యి మెత్తన. నిశామణికి పిల్లలు లేరు. ఆ సంగతి తెలిసిన కొందరు అత్తగార్లు గొణిగారు, గొడ్రాలి చేతుల్లోకి బిడ్డ పుట్టడమేమిటని. తిర్కీ సిస్టర్ గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

"బిడ్డ కింద పడకుండా పట్టుకునే చెయ్యి కావాలి నాకు. ఆ చెయ్యి కన్నదా కనలేదా అని నేనడగను. మీరు అడిగేటట్టయితే రిక్షా బయటే ఉంది, కోడల్ని ఇంటికి తీసుకుపొండి."

ఎవరూ తీసుకుపోలేదు. ఆ తర్వాత ఎవరూ అడగనూ లేదు.

కాన్పు అయిన ప్రతిసారీ పెద్ద రిజిస్టరులో రాయాలి. తల్లి పేరు, తండ్రి పేరు, మగో ఆడో, ఎంత బరువు, చివరి గడిలో 'బిడ్డను అందుకున్నవారు'. ఆ గడిలో వేలిముద్ర వేయడానికి తిర్కీ సిస్టర్ ఒప్పుకోలేదు. మధ్యాహ్నాలు పని లేనప్పుడు పక్కన కూర్చోబెట్టుకుని పేరు రాయడం నేర్పింది. మొదటి సంతకం పెట్టడానికి నిశామణికి బిడ్డను తుడిచి, గుడ్డ చుట్టి, తల్లి పక్కన పడుకోబెట్టినంత సేపు పట్టింది. ఏడాది తిరిగేసరికి కళ్లు మూసుకుని పెట్టగలిగేది. 'ణ' చుట్టూ తిరిగి వచ్చే గీత మాత్రం చివరిదాకా కొంచెం పెద్దదిగానే ఉండిపోయింది.

ముప్పై రెండేళ్లు అలా గడిచాయి. తిర్కీ సిస్టర్ వెళ్లిపోయింది, బృందావన్ జబ్బు చేసి పోయాడు, ఆసుపత్రికి కొత్త గదులు వచ్చాయి. నిశామణి తర్వాత చేరిన నలుగురు ఖాయం ఉద్యోగులయ్యారు. ఆమె పేరు మాత్రం రోజుకూలి పట్టీలోనే ఉండిపోయింది. అరవై నిండిన రోజున ఒక శాలువా కప్పి, ఒక కొబ్బరికాయ చేతిలో పెట్టి ఫొటో తీశారు. పింఛను సంగతి అడిగితే పట్టీ మీద ఉన్నవాళ్లకి అలాంటివి ఉండవన్నారు.

"అయితే ఇన్నేళ్లూ నేను చేసింది ఏమిటి?" అని అడిగింది నిశామణి. గుమాస్తా శాలువా వంక చూసి, "సేవ" అన్నాడు.

ఆ మాట ఆమెకి గుచ్చుకుంది. కటక్‌లో హైకోర్టు పక్క సందులో ఉండే బిప్రచరణ్ మహాపాత్ర అనే ముసలి వకీలు దగ్గరికి వెళ్లింది. ఆయన రెండో కూతురు మణిఘాట్ కోడలు, ఆ కూతురి ఇద్దరు పిల్లల్నీ పట్టింది నిశామణే. కేసు నాలుగేళ్లు నడిచింది. 2023లో తీర్పు వచ్చింది. పదేళ్లు నిండిన నాటి నుంచీ ఆమెని ఖాయం ఉద్యోగిగా లెక్కగట్టి, పింఛను, గ్రాట్యుటీ, అన్నీ మూడు నెలల్లో ఇచ్చెయ్యాలని రాశారు. ఊరంతా సంబరపడింది. చేపల బజారులో తునీ బెహెరా ఆమెకి ఒక రోహు చేప ఊరికే ఇచ్చింది. తునీ ఎవరికీ ఏదీ ఊరికే ఇవ్వదు కాబట్టి ఆ సంగతి కూడా ఊరంతా చెప్పుకున్నారు.

మూడు నెలలు అయిపోయాయి. ఆరు నెలలు అయిపోయాయి. నిశామణి తీర్పు కాగితం ప్లాస్టిక్ సంచిలో పెట్టుకుని మునిసిపాలిటీ ఆఫీసుకి తిరిగింది. ఫైలు పైన ఉందన్నారు. పైకి వెళితే ఆడిట్‌లో ఉందన్నారు. భువనేశ్వర్ నుంచి ఉత్తరం రావాలన్నారు. పదకొండోసారి ఎగ్జిక్యూటివ్ ఆఫీసర్ దేవదత్త పరిడా గదిలోకే వెళ్లింది. ఆయన ఈ ఊరికి వచ్చి రెండేళ్లయింది. కుర్చీలో వెనక్కి వాలి కాగితం అంచు పట్టుకుని చూశాడు, తడి గుడ్డ పట్టుకున్నట్టు.

"ఇది చదివావా నువ్వు?"

"చదివించుకున్నాను, బాబూ."

"కోర్టు వాళ్లు రాస్తారు మావుసీ. రాయడం వాళ్ల పని. ఆఫీసు నడిపేది మేము. నీకు ఒకదానికి ఇస్తే రేపు కాలవలు తీసేవాళ్లు, కుళాయిలు తిప్పేవాళ్లు అందరూ ఇదే కాగితం పట్టుకుని వస్తారు. వెళ్లు, ఎండ ముదరకముందే ఇంటికి వెళ్లు."

నిశామణి కాగితం వెనక్కి తీసుకుని, సంచిలో పెట్టుకుని, ఇంటికి కాదు, కటక్ బండెక్కడానికి రైలు స్టేషనుకి వెళ్లింది.

బిప్రచరణ్ బాబు అంతా విని, నోట్లో ఉన్న తాంబూలం పూర్తిగా నమిలాక మాట్లాడాడు.

"ఇక డబ్బు అడిగే కేసు లేదు నిశామణీ. అది నువ్వు గెలిచేశావు. ఇప్పుడు వేసేది కోర్టు ధిక్కారం. కోర్టు చెప్పిన మాట ఎందుకు వినలేదని వాళ్లని నిలబెట్టి అడగడం. ఏడాది దాటకుండా వెయ్యాలి, ఇంకా టైముంది."

"అంటే ఇది నా సంగతి కాదా?"

"నీ సంగతే. కాకపోతే ఇప్పుడు అవమానం జడ్జిగారిది కూడా."

నిశామణి తీర్పు కాగితం ఆయన ముందుకి జరిపింది. "అయితే వెయ్యండి, వకీలుబాబూ. ఇన్నాళ్లూ ఒక్కదాన్నే పడ్డాను."

కేసు వేశారు. నోటీసు వెళ్లింది. రెండు వాయిదాలకి మునిసిపాలిటీ తరఫు వకీలు టైము అడిగాడు. మూడో వాయిదాకి పరిడా ప్రమాణపత్రం దాఖలు చేశాడు. దాంట్లో ఉన్నది బిప్రచరణ్ బాబు ఫోనులో చదివి వినిపించాడు. 2004కి ముందు నిశామణి జెనా అనే మనిషి కాన్పుల ఆసుపత్రిలో పనిచేసినట్టు ఆఫీసులో ఏ ఆధారమూ లేదు, పాత కూలి పట్టీలు చెదలు తినేశాయి, అందువల్ల ఆమె సర్వీసు లెక్కగట్టడం అసాధ్యం, కోర్టువారి మాట వినకూడదన్న ఉద్దేశం తమకు ఎంతమాత్రమూ లేదు.

అంత కేసులోనూ నిశామణికి నిజంగా కోపం వచ్చింది అప్పుడే. డబ్బు ఇవ్వనన్నప్పుడు బాధపడింది గానీ ఇలా కాదు. 2004కి ముందు అంటే పదిహేడేళ్లు. వరదలో నడుముదాకా నీళ్లలో నడిచి డ్యూటీకి వెళ్లిన ఏడు అందులో ఉంది. తుఫానుకి రేకులు లేచిపోతే పసిబిడ్డలు ముగ్గుర్ని చీర కొంగు కింద పెట్టుకుని కూర్చున్న రోజు అందులో ఉంది. ఆ సాయంత్రం పొయ్యి వెలిగించలేదు. చద్దన్నంలో ఉప్పు కలుపుకుని గిన్నె ముందు పెట్టుకుని కూర్చుంది, తినలేదు.

మర్నాడు చేపల బజారుకి వెళ్లి తునీ పక్కన పీట మీద కూర్చుని జరిగింది చెప్పింది. తునీ కత్తిపీట మీద కత్లా తలకాయ కోస్తూ వింది.

"పట్టీలు చెదలు తిన్నాయా? మరి నా ముగ్గురు పిల్లల్నీ పట్టింది ఎవరంట? ఆ చెదపురుగులేనంటా?" తునీ చేతులు కడుక్కుని, గల్లాపెట్టె కింద నుంచి ఒక కాగితం తీసింది. "మొన్ననే పెద్దాడికి పాస్‌పోర్టు కోసమని పుట్టిన రిజిస్టరు నకలు తీయించాను. చూడు, పేరు సరిగ్గా ఉందో లేదో. నాకు అక్షరాలు ఆనవు."

నిశామణి చూసింది. రిజిస్టరు పేజీ మొత్తానికి తీసిన జిరాక్సు అది. 1991, ఫాల్గుణ మాసం. తల్లి తునీ బెహెరా. మగ. చివరి గడిలో ఆమె సంతకం ఉంది, 'ణ' చుట్టూ పెద్ద గీతతో. కింద మునిసిపాలిటీ గుండ్రటి ముద్ర, నిజమైన నకలు అని రాసి అధికారి పొడి సంతకం.

ఆమె ఆ గీత మీద వేలు పెట్టి చూసింది. "తునీ, ఇది నాకు ఇస్తావా?"

"దీనికి ఇంకో నకలు తీయిస్తాను, ఇరవై రూపాయల పని. ఏం, ఏమయింది?"

"కూలి పట్టీలు చెదలు తిన్నాయేమో. పుట్టినవాళ్ల రిజిస్టరు తినలేదు."

బిప్రచరణ్ బాబు ఫోనులో ఆ మాట విని కుర్చీలోంచి లేచినట్టే అనిపించింది. ఏడాదికి ఒకటైనా కావాలన్నాడు. 1987 నుంచి 2004 దాకా ఒక్క ఏడు కూడా ఖాళీ ఉండకూడదన్నాడు.

ఇక తునీ బజారులో చేప అమ్మడం మానేసి పుట్టుకలు వసూలు చేయడం మొదలుపెట్టింది. ఆడవాళ్లు సంచి పట్టుకుని వస్తే, "పప్పులోకి తలకాయ కావాలా? ఇస్తాను. నీ పిల్ల ఏ ఏడు పుట్టింది? తొంభై ఆరా? అయితే ముందు ఆఫీసుకి పోయి నకలు పట్టుకురా. తలకాయ ఎక్కడికీ పోదు, చచ్చిన చేపే" అనేది. మునిసిపాలిటీలో జనన మరణాల కిటికీ ముందు వరుస కట్టారు. గాజులు వేసుకున్న తల్లులు, డ్యూటీ దుస్తుల్లో బస్సు కండక్టరు, గర్భంతో ఉన్న టీచరమ్మ. కిటికీ వెనక గుమాస్తా గదాధర్ సాహు రెండు రోజులు ఊరుకుని మూడో రోజు తల బయటికి పెట్టాడు.

"ఏంటిది, ఊరంతా ఒక్కసారే పుట్టిందా?"

గదాధర్ చేతిలో ఉన్న పేజీ వంక చూశాడు. చివరి గడి చూశాడు. ముందు రోజు తీసిన పేజీలు గుర్తు తెచ్చుకున్నాడు. తల లోపలికి తీసుకుని, ముద్రని సిరాలో బాగా అద్ది, ఎప్పటికంటే గట్టిగా కొట్టాడు. "నా పని అడిగిన నకలు ఇవ్వడం. ఎందుకని అడగడం కాదు. తర్వాతెవరు?"

పరిడా ఒకరోజు జీపు దిగి ఆ వరుస చూసి ఏమిటని అడిగాడు.

"జనన నకళ్లు సార్. ఈ నెల రుసుము బాగా వస్తోంది."

"మంచిది, మంచిది" అని ఆయన పైకి వెళ్లిపోయాడు. ఆ నకళ్ల మీద అధికారి సంతకాలు ఆయనవే. కట్టలు కట్టలుగా టేబుల్ మీదికి వస్తే చూడకుండా పెట్టేవాడు.

అన్ని ఏళ్లూ దొరికాయి, 1993 తప్ప. ఆ ఏడు ఎవరికీ గుర్తు రాలేదు. నిశామణి రెండు రోజులు అదే పనిగా ఆలోచించింది. బట్టల కొట్టు వాళ్ల కవలలు ఆ ఏడే పుట్టారని గుర్తొచ్చింది, ఎందుకంటే ఆ నెలలోనే బృందావన్‌కి కాలు విరిగింది. కవలల్లో ఒకతను రూర్కెలాలో ఉక్కు ఫ్యాక్టరీలో పని చేస్తున్నాడు. ఫోను చేస్తే సెలవు పెట్టి బండెక్కి వచ్చి, నకలు తీసుకుని, ఆమె కాళ్లకి దండం పెట్టి, అదే సాయంత్రం బండికి వెళ్లిపోయాడు.

మొత్తం యాభై ఎనిమిది పేజీలు. బిప్రచరణ్ బాబు అన్నీ కుట్టించి కోర్టులో వేశాడు. ఆఫీసర్ స్వయంగా వచ్చి నిలబడి జవాబు చెప్పాలని జడ్జిగారు ఆదేశించారు.

వాయిదా రోజున నిశామణి సంబల్‌పురి అంచు చీర కట్టుకుంది. తునీ దుకాణం కట్టేసి తోడు వచ్చింది. పొద్దున్నే బండెక్కి, మరమరాలూ పచ్చిమిరపకాయా తింటూ కటక్ చేరారు. కోర్టు గదిలో ఏసీ చల్లదనానికి తునీ కొంగు భుజాల మీదుగా లాక్కుని, "ఇక్కడ పెడితే హిల్సా చేప వారం పాడవదు" అని గొణిగింది. నిశామణి నవ్వు ఆపుకోవడానికి పెదవి కొరుక్కుంది.

పరిడా ముందు వరుసలో నిలబడి ఉన్నాడు. టై కట్టుకున్నాడు. కేసు పిలిచారు. లోపల మాటలన్నీ ఇంగ్లీషులో నడిచాయి. నిశామణికి అర్థమైంది పేజీలు తిరగేస్తున్న చప్పుడే. జడ్జిగారు ఒక్కో పేజీ తిప్పుతున్నారు, తొందర లేకుండా. కొంతసేపటికి తలెత్తి ఒడియాలోనే అడిగారు.

"పరిడా గారూ, ఈ ముద్ర మీ ఆఫీసుదేనా?"

"అవునండి."

"కింద సంతకం?"

పరిడా వంగి చూశాడు. "నాదేనండి."

"ఇది నిజమైన నకలు అని మీరే రాసి సంతకం పెట్టారు. ఈ మనిషి పనిచేసినట్టు ఏ ఆధారమూ లేదని కూడా మీరే రాసి సంతకం పెట్టారు. మీ రెండు సంతకాల్లో ఏది నమ్మమంటారు?"

మునిసిపాలిటీ వకీలు ఏదో అనబోయాడు. జడ్జిగారు చెయ్యి ఎత్తారు. "వారిని అడిగాను."

పరిడా క్షమించమన్నాడు. క్షమాపణ సంగతి పని అయ్యాక చూద్దామన్నారు జడ్జిగారు. తర్వాత నిశామణిని ముందుకి రమ్మన్నారు. ఆమె చేతులు జోడించి వెళ్లి నిలబడింది.

"అమ్మా, మీరు ఎంతమందికి కాన్పులు చేయించి ఉంటారు?"

"నేను లెక్క పెట్టలేదు, అయ్యా. రిజిస్టరు వాళ్ల దగ్గరే ఉంది."

వెనక కూర్చున్న వకీళ్లలో ఎవరో నవ్వారు. జడ్జిగారు నవ్వలేదు గానీ పెన్ను తీసి రాసుకున్నారు. ఆదేశం అక్కడే చెప్పారు. పది రోజుల్లో మొత్తం బకాయి చెల్లించి, పింఛను ఉత్తర్వు ఆమె చేతిలో పెట్టాలి. అది ఆమె చేతికి అందేదాకా ఎగ్జిక్యూటివ్ ఆఫీసర్ జీతం తీసుకోకూడదు. పదకొండో రోజున మళ్లీ ఇదే గదిలో నిలబడాలి.

బిప్రచరణ్ బాబు ఆ జీతం మాట చెవిలో చెబితే తునీకి మొదట అర్థం కాలేదు. అర్థమయ్యాక నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

వరండాలో పరిడా ఎదురుపడ్డాడు. మెడలో టై వదులు చేసుకున్నాడు. ఆమెని 'మీరు' అనడం అదే మొదలు.

"మావుసీ, ఇంత దూరం ఎందుకు తెచ్చారు? మీరు నాతో ఒక్క మాట చెప్పి ఉంటే సరిపోయేది కదా."

"పదకొండు సార్లు చెప్పాను, బాబూ" అంది నిశామణి. "పన్నెండోసారి జడ్జిగారు చెప్పారు."

ఆ మధ్యాహ్నం బిప్రచరణ్ బాబు ఇద్దరికీ తోపుడుబండి దగ్గర దహిబరా ఆలూదమ్, అంటే పెరుగు వడలూ ఆలూ కూరా తినిపించాడు. నిశామణి రెండు దొప్పలు తింది. మూడోది తునీ బలవంతం మీద తింది.

ఇన్నాళ్లూ కనబడని ఫైలు రెండో రోజుకి కనబడింది. చెదలు తిన్నాయన్న కూలి పట్టీలు స్టోరు గది బీరువాలో, పాత పంపు మోటారు వెనక, నాఫ్తలీను ఉండలతో సహా భద్రంగా ఉన్నాయి. ఆఫీసు జీపు నిశామణి ఇంటి ముందు ఆగింది. ఫొటోగ్రాఫరు వచ్చాడు, బ్యాంకు గుమాస్తా వచ్చాడు, ఆమె గుమ్మం దాటకుండానే ఏడు ఫారాలు నింపారు. వీధి పిల్లలందరూ జీపు చుట్టూ చేరి హారను కొట్టారు. ఎవరూ తిట్టలేదు.

ఎనిమిదో రోజున పింఛను ఉత్తర్వు తెచ్చారు. నిశామణి కళ్లజోడు పెట్టుకుని, అంకెలు వేలితో తడుముతూ చదివింది. చేరిన తేదీ దగ్గర ఆగింది. 1997 అని ఉంది.

"ఇది తప్పు. ఎనభై ఏడు."

ఉత్తర్వు తెచ్చిన ఆఫీసు గుమాస్తా చెమట తుడుచుకున్నాడు. "మావుసీ, పింఛనుకి లెక్క తొంభై ఏడు నుంచే. కోర్టు కూడా పదేళ్ల తర్వాతే అంది. నీకు పైసా తేడా రాదు. సంతకం పెట్టెయ్, సాయంత్రానికి పంపించెయ్యాలి."

"ఖాయం చేసింది తొంభై ఏడు నుంచి అని రాయండి, ఒప్పుకుంటాను. చేరింది ఎనభై ఏడు అని కూడా రాయండి."

"అది రాస్తే మళ్లీ పైన సంతకాలు కావాలి. పరిడా సార్‌కి జీతం..."

"ఆయనకి ఎనిమిది రోజులు ఆగింది. నాకు ముప్పై ఏడేళ్లు పట్టింది. రాయించుకు రండి, ఇక్కడే ఉంటాను."

ఆమె వాళ్లకి మంచినీళ్లు ఇచ్చింది. జీపు వెళ్లింది. చీకటి పడకముందే తిరిగి వచ్చింది. ఈసారి పరిడాయే దిగాడు, కాగితం తానే పట్టుకుని. చేరిన తేదీ: 1987, జులై 14. హోదా: కాన్పుల ఆయా. నిశామణి రెండుసార్లు చదివి, అరుగు మీద కూర్చుని, కాగితం కింద పళ్లెం పెట్టుకుని సంతకం చేసింది. పరిడా ఆమె పూర్తి చేసేదాకా నిలబడే ఉన్నాడు. వీధి చివర గదాధర్ సైకిలు ఆపుకుని చూస్తున్నాడు. అతని కుడిచేతి బొటనవేలికి సిరా మరక ఇంకా పోలేదు.

పదకొండో రోజున కోర్టులో ఐదు నిమిషాలు కూడా పట్టలేదు. "తృప్తిగా ఉందా అమ్మా?" అని జడ్జిగారు అడిగితే, ఉందని చెప్పింది. పరిడా క్షమాపణ తీసుకుని కేసు మూసేశారు. తిరుగు బండిలో తునీ నిద్రపోయింది. నిశామణికి నిద్ర రాలేదు. కిటికీ పక్కన కూర్చుని, వరి పొలాల మీదుగా పోయే గాలి మొహానికి తగులుతూ ఉంటే, దారి పొడుగునా తనలో తనే నవ్వుకుంటూ వచ్చింది.

బకాయి డబ్బుతో ఇంటి పైకప్పు వేయించింది. తునీకి కొత్త ఐసు పెట్టె కొనిచ్చింది, తునీ పోట్లాడి పోట్లాడి పుచ్చుకుంది. ఆ తర్వాత వారం కాలవలు తీసే భ్రమర్ నాయక్ వచ్చి అరుగు మీద కూర్చున్నాడు. ఇరవై ఆరేళ్ల నుంచి రోజుకూలి. అతనికీ రెండేళ్ల కిందట ఒక తీర్పు వచ్చింది, జేబులో నాలుగు మడతల్లో ఉంది. ఏడాది దాటిపోయింది కదా మావుసీ, నాకిక దారి ఉందా అని అడిగాడు.

"దారి ఉందో లేదో వకీలుబాబు చెబుతాడు. అడగడానికి రైలు ఉంది" అంది నిశామణి. ఆ కాగితం తీసుకుని, మోకాలి మీద పెట్టి, అరచేత్తో సాపు చేసింది. "సోమవారం పొద్దున ఆరింటికి బండి. భోజనం కట్టుకురా. ఇదిగో, కాగితం ఇలా మడతపెట్టకు. చదివేవాళ్లకి కష్టం."